కట్టంగూర్ పాల రాకకు పొడి నిలవలు, దాణా ధరలే కీలకం

కట్టంగూర్: హైదరాబాదు-విజయవాడ జాతీయ రహదారిపై నార్కట్‌పల్లి, నకిరేకల్ మధ్యనున్న ఈ ప్రాంతపు పాలకు ప్రధాన గిరాకీ హైదరాబాదు నగరానిదే. బర్రెలు ఎక్కువగా వానాకాలం నడిమి నుంచి చలికాలం దాకా ఈనుతాయి. అందువల్ల దసరా మొదలు శివరాత్రి దాకా పాల రాక జోరుగాను, మార్చి దాటాక మందంగాను ఉండడం మామూలే. అయితే ధర ఈ సీజను లెక్కతోనే కదులుతుందని నమ్మిన కొనుగోలుదార్లు దెబ్బతిన్న సందర్భాలున్నాయి.

వంద లీటర్ల బర్రెపాలలో వెన్న ఆరున్నర శాతం, వెన్న కాని ఘనపదార్థం తొమ్మిది శాతం ఉన్నదనుకుంటే సుమారు ఆరున్నర కిలోల నెయ్యి, తొమ్మిది కిలోల పొడి దిగుతాయి. చలికాలపు మిగులు చాలావరకు ఈ రెండు రూపాల్లోనే గోదాములకు చేరుతుంది. పొడి బస్తాలు పేరుకుంటే ముందుగా కోత పడేది పల్లెలో పాలు పోసే ఆసామికి ఇచ్చే ధరపైనే. నగరంలో పాకెట్టు ధర మాత్రం దిగిరావడం అరుదు. 2018లో దేశంలో పొడి నిలవలు పెరిగినప్పుడు, 2020 లాక్‌డౌన్‌లో హోటళ్లు, టీకొట్లు మూతపడినప్పుడు ఈ ధోరణే కానవచ్చింది.

ధర పడితే ఆసామి మొదట దాణా తగ్గిస్తాడు. ఇంకా పడితే వట్టిపోయిన బర్రెను సంతకు తోలుతాడు. దాని స్థానంలో పెయ్యదూడ పెరిగి తొలిసారి ఈనడానికి మూడున్నర, నాలుగేళ్లు పడుతుంది. చూడి కాలమే దాదాపు 310 రోజులు. ధాన్యం మాదిరి వచ్చే పంటకు సర్దుకునే వీలు పాల వ్యాపారంలో లేదు. 2022లో లంపీ చర్మవ్యాధి పలు రాష్ట్రాల్లో ఆవులను దెబ్బతీయగా, 2023 ఏప్రిల్ నాటికి వెన్న, నెయ్యి దిగుమతి మాట కేంద్రంలో వినవచ్చింది. 2022-23లో దేశపు ఉత్పత్తి 23 కోట్ల టన్నులు దాటినట్లు లెక్క తేలినా, సరుకు కొరత మాట తప్పలేదు!

మేత సంగతి వేరు. మెట్ట సేద్యం నాటి జొన్న చొప్ప నల్లగొండ పల్లెల్లో తగ్గి, వరి, పత్తి పెరిగాయి. వరిగడ్డికి లోటు లేదు గాని, కోత యంత్రం వెనుక చెదిరిన గడ్డిని కట్టలు కట్టించేందుకు కిరాయి అదనం. పైగా గడ్డిలో సారం తక్కువ. పాలు నిలిపేవి తవుడు, పత్తి చెక్క. నూనె తీసిన తవుడు ఎగుమతిని 2023 జూలైలో కేంద్రం నిషేధించి, ఆపై పలుమార్లు పొడిగించింది. అది అమల్లో ఉన్నన్నాళ్లు పాడి రైతుకు ఊరటగా ఉండేది. సాల్వెంటు మిల్లులకు మింగుడుపడని సంగతిగా ఉండేది.

జిల్లాలో నల్లగొండ-రంగారెడ్డి సహకార యూనియన్, విజయ డెయిరీలతో పాటు ప్రైవేటు డెయిరీలు కూడ పాలు సేకరిస్తున్నాయి. విజయకు పాలు పోసేవారికి రాష్ట్ర ప్రభుత్వం 2014లో లీటరుకు 4 రూపాయల ప్రోత్సాహకం ప్రకటించింది. ఏ డెయిరీ అయినా సరే, బిల్లు చేతికందడం ఆలస్యమైతే చెక్క బస్తా అప్పుకు దొరకదు. అటువంటప్పుడు బయానా ఇచ్చే ఏజంటుదే పైచేయి.

న్యూజీలాండ్ చిన్న దేశమైనా తన పాల ఉత్పత్తిలో నూటికి 95 వంతుల దాకా ఎగుమతి చేస్తుంది. కనుక అక్కడి రైతు ధర అంతర్జాతీయ వేలంలో పొడి పలికిన రేటును అనుసరిస్తుంది. భారతదేశంలో దిగుమతి సుంకం అడ్డుగోడగా ఉన్నందున స్వదేశపు నిలవలే ధరను శాసిస్తాయి. 2025 సెప్టెంబరు 22 నుంచి వెన్న, నెయ్యిపై జీఎస్టీ 12 నుంచి 5 శాతానికి తగ్గింది. నెయ్యికి గిరాకీ పెరిగితే వెన్న శాతం హెచ్చుగా ఉండే బర్రెపాలకు మొగ్గు ఉండవచ్చు. అయితే నెయ్యి తీసిన ప్రతి చోటా పొడి కూడ మిగులుతుంది గనుక, వేసవి బేరాలకు ముందు పొడి నిలవలు, పత్తి చెక్క రేటు రెండూ చూసుకోవడం మేలని వర్తకులకు సూచన.