కొలువు సర్కారుది, జీతము కొలిచినవానిది

1984వ సంవత్సరము జనవరి 6వ తేదీన పల్నాటి కరణములును మునసబులును ప్రొద్దు పొడుచునప్పటికి ఉద్యోగస్థులు. ప్రొద్దు గ్రుంకునప్పటికి కారు. రామారావుగారి ప్రభుత్వము ఆనాడు వెలువరించిన ఆర్డినెన్సు రాష్ట్రమందలి గ్రామోద్యోగముల నన్నిటిని ఒక్క వ్రేటున రద్దుచేసినది. గురజాల, మాచర్ల, నరసరావుపేట ప్రాంతముల పాఠకులలో ఆనాటి దస్తరములను ఎరిగినవా రనేకు లుందురు. అడంగలు వ్రాయుటలో కొందరు కరణములు గావించిన అక్రమములను మేము కప్పిపుచ్చబోము. ఆ పదవులు పోయినందుకు సంతోషించిన రైతులును లేకపోలేదు. వంశపారంపర్యపు హక్కు అంతకు మున్నే, 1960 డిసెంబరులో, సుప్రీంకోర్టు తీర్పుతో కూలినది. ఆ వ్యాజ్యము, పల్నాడు నాడు చేరియుండిన గుంటూరు జిల్లాలోని, పెరవలిపాలెపు మునసబు పదవిని గూర్చినదే.

అయినను పదవిని రద్దుచేయుట వేరు, దోషమారోపించి మనుష్యుని తొలగించుట వేరు. 1985లో టి. వెంకటరెడ్డి వ్యాజ్యమున సుప్రీంకోర్టు ఈ భేదమునే పట్టుకొని, పదవియే లేనప్పుడు సంజాయిషీ అడుగ నక్కరలేదని ప్రభుత్వ పక్షమున తీర్పిచ్చినది. శాసనము చేయక మరల మరల ఆర్డినెన్సులే తెచ్చుట మాట యేమని గ్రామోద్యోగులు ప్రశ్నించిరి. ఆర్డినెన్సు గడువు తీరినను పోయిన పదవి తిరిగి లేవదని సమాధానము వచ్చినది.

ఈ రెండవ మాటను 2017 జనవరి 2న ఏడుగురు న్యాయమూర్తుల ధర్మాసనము త్రోసిపుచ్చినది. గడువు తీరిన ఆర్డినెన్సు శాశ్వతమైన హక్కులను పుట్టింపజాలదని తేల్చినది. మన కరణముల కది ముప్పదిమూడేండ్లు ఆలస్యము. ఆ వ్యాజ్యమును తెచ్చినది బీహారునందలి సంస్కృత పాఠశాలల వారు. 1989లో ఆర్డినెన్సుచే 429 పాఠశాలలను ప్రభుత్వము స్వాధీనము చేసికొని, శాసనము చేయకయే 1992లో విడిచిపెట్టినది. పది లకారములు నేర్పు పండితులకును తమ యుద్యోగము భూతమో వర్తమానమో తెలియుటకు పాతికేండ్లు పట్టినది! వారు సర్కారు ఉద్యోగులు కారని కోర్టు నిర్ణయించినను, అదివరకు చెల్లించిన జీతములను మాత్రము తిరిగి రాబట్టరాదని ఆజ్ఞాపించినది.

మేము పట్టుపట్టునది ఈ కడపటి మాటకొరకే. పదవి నుంచుటయు తీసివేయుటయు ప్రభుత్వపు చేతిలోని పని కావచ్చును. చేసిన పనికి ప్రతిఫలము ఆ చేతిలోనిది కాదు. 2020 మార్చిలో కరోనా కారణమున ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వము ఉద్యోగుల జీతములలోను, విశ్రాంత ఉద్యోగుల పింఛనులలోను కొంత భాగము వాయిదా వేసినది. విశ్రాంత జిల్లా న్యాయమూర్తి దినవహి లక్ష్మీ కామేశ్వరిగారు హైకోర్టు నాశ్రయించిరి. నూటికి 12 వంతున వడ్డీతో చెల్లింపుమని హైకోర్టు ఆజ్ఞాపించినది. ప్రభుత్వము అసలు మాట విడిచి, వడ్డీ వద్దని మాత్రమే సుప్రీంకోర్టున వాదించినది. 2021 ఫిబ్రవరి 8న వచ్చిన తీర్పు జీతమును పింఛనును హక్కులేయని స్థిరపరచి, వడ్డీని 6కు తగ్గించినది.

చట్ట మెరిగిన న్యాయమూర్తి కాబట్టి ఆమెకు త్రోవ తెలిసినది. 2022 ఏప్రిల్ 4న నరసరావుపేట కేంద్రముగా పల్నాడు జిల్లా యేర్పడి కలెక్టరు కచేరి చేరువకు వచ్చినను, జీతము నిలిచిన పారిశుద్ధ్యపు పనివానికి హైకోర్టు దూరమే. వాడు నెల గడుపుకొనుటకు అప్పు చేయును. నూటికి నెలకు రెండు రూపాయల వడ్డీ మన పల్లెలలో క్రొత్త మాట కాదు. ఏటికది 24 అగును. కోర్టు ఇప్పించినది 6.