కేసు నడుస్తుండగా చట్టం మారితే.. పెద్దత్త వాటా ఎంత?

"ఆట సగమైనంక రూల్ మారిస్తే ఎట్ల?"

మా చిన్నాయన ఎప్పుడూ అడిగే ప్రశ్న ఇది. గౌలిపురలో మా ముత్తాత కట్టిన ఇల్లు ఉంది. దాని పంపకం కోసం 2003లో కేసు వేశారు. 2005లో చట్టం మారింది. మరి మా కేసుకు పాత చట్టమా, కొత్త చట్టమా? మా ఇల్లే కాదు, పాత కేసులున్న ఏ ఇంట్లోనైనా ఇదే గొడవ.

ముందే చెప్పేస్తున్నా.. కొత్త చట్టం వర్తిస్తే మా నాన్న వాటా తగ్గుతుంది. అయినా నేను కొత్త చట్టం వైపే. ఎందుకో చెప్తా.

మా తాతకు నలుగురు పిల్లలు. నాన్న, చిన్నాయన, ఇద్దరు మేనత్తలు. నానమ్మ ముందే పోయింది, తాత 1998లో పోయాడు. 1956 నాటి హిందూ వారసత్వ చట్టం ప్రకారం ఉమ్మడి ఆస్తిలో పుట్టుకతో హక్కు కొడుకులకే. కూతురికి దక్కేది తండ్రి వాటాలో చిన్న ముక్క మాత్రమే.

ఎన్టీఆర్ ప్రభుత్వం దీన్ని మార్చింది. 1985 సెప్టెంబరు 5 నుంచి ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో కూతురికి కూడా పుట్టుకతో హక్కు వచ్చింది. కానీ ఒక మెలిక పెట్టారు. ఆ తేదీకి ముందే పెళ్లయిన కూతురికి ఆ హక్కు లేదు. మా పెద్దత్త పెళ్లి 1982లో, చిన్నత్త పెళ్లి 1988లో. ఒకే తల్లి కడుపున పుట్టి, ఒకే ఇంట్లో పెరిగారు. ఒకరికి హక్కుంది, ఇంకొకరికి లేదు!

"నా పెండ్లి మూడేండ్లు ఆగి చేసుంటే నేను గూడ ఈ ఇంటి బిడ్డనయ్యేదాన్నా?" అంటుంది పెద్దత్త. ఈ మాటకు మా ఇంట్లో ఎవరి దగ్గరా జవాబు లేదు.

2005 సెప్టెంబరు 9న పార్లమెంటు సవరణ అమల్లోకి వచ్చింది. పెళ్లయినా కాకపోయినా కూతురు కొడుకుతో సమానం అయింది. లెక్క చూడండి. ఇల్లు కోటీ అరవై లక్షలు అనుకుందాం. పాత లెక్కలో నాన్నకు, చిన్నాయనకు, చిన్నత్తకు తలా 50 లక్షలు, పెద్దత్తకు 10 లక్షలే. కొత్త లెక్కలో నలుగురికీ తలా 40 లక్షలు. చిన్నాయన కోపం ఆ 10 లక్షల మీదే.

ఆయన వాదనలో న్యాయం లేదని అనను. కొత్త చట్టం మామూలుగా ముందుకే నడుస్తుంది, వెనక్కి కాదు. నిన్నటి రూల్‌ని నమ్మి అప్పు తెచ్చినవాడు, ఇంటికి రిపేర్ చేయించినవాడు రేపు రూల్ మారితే ఏం కావాలి? అందుకే పార్లమెంటు ఒక గీత గీసింది. బిల్లు రాజ్యసభలో పెట్టిన 2004 డిసెంబరు 20కి ముందే రిజిస్టర్ అయిన పంపకాలను, కోర్టు డిక్రీతో అయిన పంపకాలను ముట్టుకోలేదు. అంతకు ముందు జరిగిన అమ్మకాలూ చెల్లుతాయి.

మరి కోర్టులో సగంలో ఉన్న కేసు సంగతి? పంపకం కేసులో రెండు మెట్లుంటాయి. ఎవరికి ఎంత వాటానో చెప్పేది ప్రిలిమినరీ డిక్రీ. ఏ గది ఎవరిదో కొలిచి తేల్చేది ఫైనల్ డిక్రీ. మొదటిది వచ్చినంత మాత్రాన పంపకం పూర్తయినట్టు కాదని సుప్రీంకోర్టు 1991లోనే ఎస్.సాయిరెడ్డి కేసులో చెప్పింది. అది కూడా మన రాష్ట్రం కేసే. 1967లో వేసిన దావా నడుస్తుండగానే 1985 నాటి హక్కు వచ్చింది, పెళ్లికాని కూతుళ్లకు వాటా దక్కింది.

2011లో గండూరి కోటేశ్వరమ్మ కేసులోనూ అంతే. 1999లో ప్రిలిమినరీ డిక్రీ వచ్చింది, ఫైనల్ డిక్రీ రాకముందే 2005 సవరణ వచ్చింది. అక్కచెల్లెళ్లు సమాన వాటా అడిగారు. కింది కోర్టు సరేనంది, హైకోర్టు కాదంది, చివరికి సుప్రీంకోర్టు ఇచ్చింది.

అక్కడితో అయిపోలేదు. 2005 నాటికి తండ్రి బతికి ఉండాలని 2015లో ఫూలవతి కేసులో తీర్పు వచ్చింది. 2001లోనే తండ్రి పోయిన కూతుళ్లకు 2018లో దానమ్మ కేసులో వాటా ఇచ్చారు. రెండూ సుప్రీంకోర్టు తీర్పులే. చివరికి 2020 ఆగస్టు 11న వినీతా శర్మ కేసులో ముగ్గురు జడ్జిల బెంచ్ తేల్చింది. హక్కు పుట్టుకతోనే వస్తుంది, కాబట్టి తండ్రి బతికి ఉండాల్సిన పని లేదు. పెండింగ్ కేసులను వీలైనంతవరకు ఆరు నెలల్లో తేల్చాలని కూడా చెప్పింది.

నా మాట కూడా ఇదే. తేలిపోయిన పంపకాన్ని తవ్వొద్దు. తేలని దాన్ని మాత్రం ఈరోజు న్యాయంతోనే తేల్చాలి. కేసు సాగితే అన్నదమ్ములకు లాభం, త్వరగా తేలితే అక్కచెల్లెళ్లకు నష్టం అన్నట్టు ఉండకూడదు కదా.

మీ ఇంట్లోనూ ఇలాంటి కేసు ఉంటే కొన్ని విషయాలు గుర్తుంచుకోండి. ఇది హిందువులు, బౌద్ధులు, జైనులు, సిక్కులకు వర్తించే చట్టం. మన పక్కింటి ముస్లిం కుటుంబాల వారసత్వ లెక్క వేరు. నాన్న సొంత సంపాదనతో కొన్న ఇల్లు ఉమ్మడి ఆస్తి కాదు, దాన్ని ఆయన ఇష్టమొచ్చినవాళ్లకు వీలునామా రాయొచ్చు. "అప్పుడే నోటిమాటగా పంచుకున్నాం" అంటే కోర్టు మామూలుగా ఒప్పుకోదు, గట్టి ప్రభుత్వ రికార్డు కావాలి. హక్కు వదులుకుంటున్నట్టు కాగితం మీద సంతకం పెట్టమంటే లాయర్‌కి చూపించకుండా పెట్టొద్దు. కేసు ఎక్కడిదాకా వచ్చిందో ఈ-కోర్ట్స్ సర్వీసెస్ యాప్‌లో సీఎన్ఆర్ నంబర్ కొడితే ఫోన్‌లోనే కనిపిస్తుంది.

ఇంకో మాట చట్టాలు రాసేవాళ్లకు. కోర్టులో నడుస్తున్న కేసులకు కొత్త చట్టం ఎలా వర్తిస్తుందో మొదటిరోజే స్పష్టంగా రాయండి. అది రాయకపోవడం వల్లే 2005 నుంచి 2020 దాకా ఎందరో ఆడబిడ్డలు తమ వాటా ఎంతో తెలియక ఎదురుచూశారు. ఆ పదిహేనేళ్లను ఏ డిక్రీ తిరిగి ఇవ్వలేదు.