రావియోలీ పిండియు, మన కజ్జికాయయు

ఇటలీ దేశమున రావియోలీ అను వంటకము కలదు. పలుచగా వత్తిన రెండు గోధుమపిండి రేకుల నడుమ ఆకుకూరయో, విఱిగిన పాలముద్దయో, మాంసమో పెట్టి, అంచులు మూసి, చిన్న దిండ్ల వలె కోసి మరుగు నీట నుడికింతురు. ఇది నిన్న మొన్నటిది కాదు. 14వ శతాబ్దమున బొకాచియో రచించిన 'డెకామెరాన్' కథలలో ఒక వింతదేశము వర్ణింపబడినది. అచ్చట తురిమిన జున్ను ఒక కొండయంత పోగుపడియుండును. దానిపై నిలిచిన జనులకు మాకరోనీ, రావియోలీ వండుట తప్ప వేఱు పని లేదు!

కొత్తచెరువు ప్రాంతపు గృహిణులకు ఈ పేరు బొత్తిగా క్రొత్త కాకపోవచ్చును. 2000వ సంవత్సరమున అచ్చట తెఱచిన రైలు స్టేషనులో దిగి పుట్టపర్తికి పోవు విదేశీయులలో ఇటలీవారును ఉందురు. పేరు విన్నంతనే దీనికి యంత్రము కావలెననియు, ఆ దేశపు పిండియే కావలెననియు పలువురు తలంతురు. అప్పడాల కఱ్ఱయు, పీటయు ఉన్న యింట యంత్రముతో పనిలేదు. కజ్జికాయలు చేయనేర్చిన చేతికి ఇందు సగము విద్య ముందే తెలియును. తెలియవలసిన తక్కిన సగము పిండిని గూర్చినది.

కజ్జికాయల పిండినే రేకుగా వత్తి, కూర పెట్టి నీట నుడికింపరాదా యని అడుగవచ్చును. ఉడికించినచో అంచులు విచ్చి, లోనిది నీటిపాలగును. కారణము తెలియుటకు గోధుమపిండి స్వభావమును కొంత చూడవలెను.

గోధుమలో గ్లయాడిన్, గ్లూటెనిన్ అను రెండు మాంసకృత్తులు కలవు. మొదటిది సాగు గుణము నిచ్చును. రెండవది బిగువు నిచ్చును. నీరు తగిలి చేతి మర్దనకు లోబడినప్పుడు ఈ రెండును పెనవైచుకొని గ్లూటెన్ అను జిగురు వలగా ఏర్పడును. దీనిని మొట్టమొదట వేఱుచేసి చూపినవాడు బొలోన్యా నగరపు పండితుడు బెక్కారి. 1728లో అతడు ఈ సంగతి తెలిపెను. 1745లో అది అచ్చయ్యెను. అతని ప్రయోగమును మన వంటయింటనే చేయవచ్చును. నిమ్మకాయంత గోధుమపిండి ముద్దను గిన్నెడు నీటిలో మెల్లగా పిసుకుడు. నీరు పాలవలె తెల్లనగును. నీరు మార్చి మార్చి కడుగగా కడుగగా తుదకు రబ్బరు వంటి చిన్న ముద్ద చేత మిగులును. అదియే గ్లూటెన్. రాగిపిండితో ఇట్లే చేసినచో చేతిలో అట్టి ముద్ద మిగులదు. సంగటి ముద్ద ఎంత నున్నగా వచ్చినను, దానిని కాగితమంత రేకుగా వత్తలేకపోవుట యిందుచేతనే. సంగటిని పట్టి యుంచునది ఉడికిన గంజి మాత్రమే.

ఇక కజ్జికాయల పిండిలో మనము కాచిన నెయ్యి గాని నూనె గాని పోయుదుము. ఆ జిడ్డు పిండిరేణువులను కప్పి, నీటిని చక్కగా తగులనీయదు. వల తునుకలు తునుకలుగా నిలిచిపోవును. నూనెలో వేగునప్పుడు అది గుల్లయై కరకరలాడును గాని మరుగు నీటిలో దానికి పట్టు ఉండదు. ఓళిగల పిండి దారి మఱియొకటి. దానిని జారుగా కలిపి, నూనెలో నానవేసి, వ్రేళ్లతోనే సాగదీయుదుము. పెనముపై అది దివ్యముగా ఉండును. నీట వేసినచో రూపము నిలువదు. రావియోలీకి కావలసినది జిడ్డు పోయని, గట్టిగా కలిపి బాగుగా మర్దించిన పిండి.

ఇటలీలో ఇది రెండు తీరుల చేయుదురు. ఉత్తరమున, ముఖ్యముగా బొలోన్యా ప్రాంతమున, 100 గ్రాముల మెత్తని తెల్లపిండికి ఒక కోడిగ్రుడ్డు చొప్పున కలుపుదురు, నీరు పోయరు. గ్రుడ్డులో సుమారు ముప్పాతిక వంతు నీరే గనుక అదియే చాలును. గ్రుడ్డులోని మాంసకృత్తులు వేడికి గట్టిపడి రేకును చిరుగకుండ కాపాడును. మన గ్రుడ్లు చిన్నవైనచో ఒక చెంచాడు నీరు చేర్చవలసి యుండును. దక్షిణమున డ్యూరమ్ అను గట్టి జాతి గోధుమ రవ్వను ఉత్త నీటితోనే కలుపుదురు. కావున గ్రుడ్డు తినని యిండ్లవారు ఏదియో లోపించినట్లు భావింపనక్కఱలేదు. ఆ పద్ధతియు ఇటలీదే.

మన అంగళ్లలో దొరకు రవ్వ తఱచుగా మామూలు గోధుమదే; దాని బిగువు డ్యూరమ్ అంతటిది కాదు. కన్నడదేశము పొరుగున నుండుటచే హిందూపురము వైపు పరిచితమైన చిరోటి రవ్వ ఇందులకు మేలు. ఆ సన్నని రవ్వ 100 గ్రాములు, మైదా 100 గ్రాములు కలిపి, చిటికెడు ఉప్పు వేసి, గోరువెచ్చని నీరు సుమారు 100 గ్రాములు కొద్దికొద్దిగా పోయుచు ముద్ద చేయవలెను. చపాతీ పిండికన్న గట్టిగా, పూరీ పిండి వలె ఉండవలెను. మొదట గరుకుగా, మొండిగా తోచును. నీరు చాలలేదని మఱికొంత పోయుటకు చేయి ముందుకు సాగును. పోయకుడు. పది నిమిషములు అరచేతి మడమతో నొక్కి మడచుచు పిసికినచో అదియే నునుపెక్కును. ముతక గోధుమపిండి వాడదలచినవారు మైదాలో సగము వంతుకు మించి కలుపకుండుట మంచిది. తవుడు తునుకలు జిగురు వలను తెంపును.

పిసికిన పిండిని అరగంట ఊరనీయవలెను. ఈ వ్యవధిలో రవ్వ నీరు పీల్చుకొనును, బిగిసిన వల కొంత సడలును. ఊరని పిండిని వత్తినచో అది వెనుకకు ముడుచుకొనును. మూత విషయమున అనంతపురము సీమవారు విశేషముగా జాగ్రత్త పడవలెను. సాలుకు సగటున 550 మిల్లీమీటర్ల వాన మాత్రమే కురియు ఆ మెట్టనేల గాలిలో, వేసవిని, మూయని పిండిపై కొద్ది నిమిషములకే పెచ్చు కట్టును. ఆ పెచ్చు ఎంత వత్తినను కలియదు. పిదప రేకు అక్కడనే చీలును. గిన్నె బోర్లించి, దానిపై తడిగుడ్డ కప్పుడు.

ముద్దను నాలుగు భాగములు చేసి ఒక్కొక్కటే వత్తుడు. క్రింద పఱచిన పత్రిక అక్షరములు లీలగా కనబడునంత పలుచగా రావలెను. లోపల పెట్టునది పొడిగా నుండవలెను. పాలకూర ఉడికించి, గుడ్డలో గట్టిగా పిండి, సన్నగా తఱిగి, నీరోడ్చిన పాలవిఱుగుడుతోను మిరియపు పొడితోను కలిపిన చాలును. చెమ్మ మిగిలినచో రేకు నాని చిరుగును. చెంచాడేసి చొప్పున ఎడమెడముగా పెట్టి, చుట్టును తడిచేసి, రెండవ రేకు కప్పి, ముద్ద ప్రక్కనుండి వెలుపలికి నొక్కుచు లోని గాలి యంతయు వెడలగొట్టవలెను. గాలి వేడికి ఉబ్బి దిండును పగులగొట్టును. ఉడుకుటలో చెడినవి చాలవఱకు ఈ గాలి వలననే చెడును. కోయుటకు కజ్జికాయల చక్రము చక్కగా పనిచేయును.

లీటరు నీటికి 10 గ్రాముల ఉప్పు వేసి మరిగించి, దిండ్లు వేసిన పిదప మంట తగ్గించుడు. కుతకుతలాడు నీటిలో అవి ఒకదానినొకటి కొట్టుకొనును. మూడు నాలుగు నిమిషములకు తేలును. తేలినంతనే తీయక, ఒకదాని అంచు కొఱికి చూడుడు. రెండు రేకులు కలిసిన చోటు ఉడికినచో తక్కినది ఉడికినట్లే. ఇటలీవారు వెన్నయు, సేజ్ అను ఆకును వేసి తిందురు. నెయ్యిలో వెల్లుల్లి, కరివేపాకు వేయించి పోసి, పైన కొంచెము చెనక్కాయల పొడి చల్లినను నా నాలుకకు లోటు తోచలేదు, వారేమందురో మఱి!

మిగిలిన పిండి అంచులను పాఱవేయకుడు. రిబ్బనులుగా కోసి, అదే నీటిలో రెండు నిమిషములు ఉడికించి పిల్లలకు పెట్టవచ్చును. నీటితో కలిపిన పిండియైనచో ఆ రిబ్బనులను నీడలో బాగుగా ఎండనిచ్చి కొన్నాళ్లు దాచుకొనవచ్చును. గ్రుడ్డు కలిపినదానిని మాత్రము, అందులోను వేసవిలో, వెలుపల ఉంచక ఆ పూటకే వండివేయవలెను.