గంటలు లేని గంటల గోపురం

పిల్లలూ! మా పల్లె బడిలో వేపకొమ్మకు వేలాడదీసిన రైలుపట్టా ముక్కే గంట. బంట్రోతు దానిని ఇనుపకడ్డీతో కొడితే చెరువుగట్టు దాకా వినిపించేది. ఒకనాడు మోగుతూ ఉండగానే దానిని రెండు చేతులా పట్టుకున్నాను. చేతులు జివ్వుమన్నాయి, మోత ఆగిపోయింది. ధ్వనికి మూలం కంపనమే అని నాకు తెలిసింది ఆ రోజే.

ఒక్క గంటతో వేళ చెప్పవచ్చు. మరి పాట వాయించాలంటే? శ్రుతి చేసిన గంటలు చాలా కావాలి. బెల్జియం, నెదర్లాండ్స్ దేశాలలో ఎత్తైన గోపురాలలో అలాంటి గంటలను వరుసగా అమర్చి, మీటలతో వాయిస్తారు. ఈ వాద్యం పేరు కారిలాన్. ఆ పేరు దక్కాలంటే కనీసం 23 గంటలు ఉండాలి.

చిక్కంతా బరువుతోనే. గంట స్వరం ఒక స్థాయి కిందికి దిగాలంటే దాని ఎత్తు, వెడల్పు, మందం అన్నీ రెండింతలు కావాలి. అంటే బరువు 2 × 2 × 2 = 8 రెట్లు! అమెరికాలోని ఫ్లోరిడాలో 1929లో ప్రారంభమైన బాక్ టవర్‌లో 60 గంటలు ఉన్నాయి. అన్నిటికంటె చిన్నది సుమారు 7 కిలోలు, పెద్దది దాదాపు 11 టన్నులు. ఇంత కంచు కొనడం, అంత బరువు మోసే గోపురం కట్టడం అందరికీ సాధ్యమా?

ఇప్పుడొక ప్రయోగం చేయండి. స్టీలు గరిటెను రెండు మూరల దారం మధ్యలో కట్టండి. దారం కొసలను రెండు చూపుడువేళ్ళకు చుట్టి, ఆ వేళ్ళతో చెవులు మెల్లగా మూసుకోండి. గరిటెను ఊపి బల్ల అంచుకు తగలనివ్వండి. గుడిగంట మోగినట్లు లేదూ? పక్కవాళ్ళకు మాత్రం 'టింగ్' అని చిన్న చప్పుడే వినిపిస్తుంది. గరిటెలో ఆ గంభీరమైన స్వరం మొదటినుంచీ ఉంది. గాలిలోకి అది సరిగా చేరడం లేదు. దారం దానిని నేరుగా మీ చెవికి తెచ్చింది.

ఎలక్ట్రానిక్ కారిలాన్‌లో జరిగేదీ ఇదే. గంటలకు బదులు చిన్న లోహపు కడ్డీలు ఉంటాయి. మీట నొక్కగానే బుల్లి సుత్తి కడ్డీని కొడుతుంది. పక్కనున్న పికప్ ఆ కంపనాన్ని విద్యుత్ సంకేతంగా మారుస్తుంది. ఆంప్లిఫయరు దానిని పెంచి, గోపురం మీది లౌడుస్పీకర్లకు పంపుతుంది. 20వ శతాబ్దం మధ్య నాటికి అమెరికా చర్చీలలో ఇవి బాగా వాడుకలోకి వచ్చాయి. నేటి డిజిటల్ రకాలలో కడ్డీలు కూడా లేవు. నిజమైన గంటల ధ్వనినే రికార్డు చేసి చిప్పులో దాస్తారు.

కడ్డీల కొలతలో ఒక తమాషా ఉంది. వీణ తీగను సగం చేస్తే స్వరం ఒక స్థాయి పెరుగుతుంది. అదే మందం గల కడ్డీని సగం చేస్తే రెండు స్థాయిలు పెరుగుతుంది! ఒక్క స్థాయే పెరగాలంటే 100 సెంటీమీటర్ల కడ్డీని సుమారు 71 సెంటీమీటర్లకు కోయాలి.

వాయించేటప్పుడూ ఒక జాగ్రత్త కావాలి. ఏ గంటలోనూ ఒకే స్వరం ఉండదు. గంట షడ్జమం 440 హెర్ట్‌జ్ అనుకుంటే, దానితోపాటు 528 కూడా మోగుతుంది. అది సాధారణ గాంధారం. పక్కనే 550 హెర్ట్‌జ్ అంతర గాంధారపు గంటను కలిపి కొడితే రెండు గాంధారాలూ ఒరుసుకుని చెవికి గరగరమంటాయి. పైగా కింది స్థాయి గంటలు చాలాసేపు మోగుతూనే ఉంటాయి. అందుచేత కారిలాన్‌పై విడి స్వరాలతో, నిదానంగా సాగే పాటలే బాగా అమరుతాయి.

ఇక అమరిక. స్పీకర్లను చుట్టుపక్కల కప్పులకంటె ఎత్తులో, నాలుగు దిక్కులకూ తిప్పి పెట్టాలి. పిడుగుల నుంచి కాపాడే లోహపు కడ్డీ, ఎర్తింగు తప్పనిసరి. ఈ పని తెలిసిన ఎలక్ట్రీషియనే చేయాలి. తరువాత ఒకరు మీటల దగ్గర ఉండగా మరొకరు వీధుల వెంట నడిచి వినాలి. ఎందుకంటే ఆరుబయట దూరం రెండింతలైతే ధ్వని తీవ్రత నాలుగో వంతుకు తగ్గుతుంది. గోపురం దగ్గరి ఇంటివారికి చెవులు హోరెత్తే మోత, దూరపు వీధివారికి సన్నగా వినిపించవచ్చు. దూరం వారి కోసం మోత పెంచితే దగ్గరివారు ఏమైపోతారు?

నిజమైన గంట తన బరువుకు మించి మోగలేదు. ఆంప్లిఫయరు మరను మాత్రం ఎంతైనా తిప్పవచ్చు. అందుకే గోపురం మీది స్పీకరైనా, పందిరి గుంజకు కట్టిన మైకైనా హద్దు మనమే పెట్టుకోవాలి. మన దేశంలో 2000 సంవత్సరపు శబ్దకాలుష్య నిబంధనల ప్రకారం రాత్రి 10 నుంచి ఉదయం 6 వరకు ఆరుబయట లౌడుస్పీకర్లు మోగించకూడదు. ప్రభుత్వం సడలింపు ఇచ్చిన కొద్ది రోజులే దీనికి మినహాయింపు. నిద్రపోయే పసిపాప, పరీక్షకు చదివే అక్క, మంచం పట్టిన తాతయ్య కూడా ఆ వీధిలోనే ఉంటారు కదా!

ఇంతకీ మీ గరిటె ప్రయోగం పూర్తి కాలేదు. దాని బదులు చెంచా, అట్లకాడ కట్టి చూడండి. ఏది ఎక్కువసేపు మోగింది? ఏది మరింత గంభీరంగా పలికింది? నోటుపుస్తకంలో రాసి మీ సైన్సు మాస్టారికి చూపించండి.