శ్రేణియు స్నేహమును

నేటి ప్రసంగవిషయము ఇంటర్నెట్టు మీద జట్లుగా ఆడు పోటీ ఆటలు. అందును ముఖ్యముగా ఆటగానికి అంకె నిచ్చి మెట్టు నిర్ణయించు ఆటలను ఒక మిత్రునితో జంటగూడి ఆడుట. వ్యాకరణతర్కములు చదివి, బడిలో తెలుగు చెప్పి, అరువది దాటిన పంతులు ఈ విషయమును గూర్చి మాటలాడుట యేమని శ్రోతలు శంకింపవచ్చును. ఉద్యోగవిరమణానంతరము నేను నాలుగేండ్లుగా డోటా 2 అను ఆటను నా పాత సహోపాధ్యాయులొకరితో కలసి ఆడుచున్నాను. ఆయన గణితము చెప్పినవారు. భార్య గతించిన పిదప కుమార్తెకడకు సింగపూరు చేరిరి. వారమునకు నాలుగు సాయంకాలములు మే మిరువురము ఆ యాటలో కలిసికొందుము. కావున నేను చెప్పబోవునది వట్టి వినికిడి కాదు.

ముందుగా ఆట స్వరూపము. డోటా 2 ను వాల్వ్ అను అమెరికా సంస్థ 2013లో లోకమునకు విడుదల చేసినది. ఐదుగురొక జట్టు, ఐదుగురు ప్రతిజట్టు. రణభూమి యొక్క ఎదురెదురు మూలల రెండు కోటలుండును. వానిని కలుపుచు మూడు బాటలు పోవును. ఎదుటివారి కోటలోని ఏన్షెంట్ అను కట్టడమును ముందుగా కూల్చిన జట్టు గెలిచినట్లు. నూటయిరువదికి పైబడిన వీరులలో ఆటగాడు తనకు వలసినవాని నెన్నుకొనును. ఒక ఆట ఇంచుమించు నలుబది నిమిషములు సాగును. జట్టులో అందఱి పనియు నొకటి కాదు. ఒకడు బంగారము కూడబెట్టి కడపట బలవంతుడై జట్టును మోయును. వానిని కారీ యందురు. మఱియొకడు తాను బీదవాడుగనే యుండి, చీకటి తావులందు కాపుకన్నులు నిలిపి, తోడివారిని కాచుచుండును. వానిని సపోర్టు అందురు. మాలో ఆయన కారీ, నేను సపోర్టు.

ఇక శ్రేణి మాట. బడిలో మార్కులు వేఱు, ఆటలో అంకె వేఱు. బాలుడు ప్రశ్నపత్రము నెదుర్కొనును. పత్రము మాఱదు గనుక మార్కు వాని జ్ఞానమునకు నేరుగా కొలత. ఆటలో ఎదుర్కొనునది మనుష్యుని. ఆ మనుష్యుని బలమెంతో తెలియనిదే మన గెలుపు విలువ తెలియదు. ఈ చిక్కును చదరంగములో విప్పినవాడు ఆర్పాడ్ ఎలో. ఆయన హంగెరీలో 1903లో జన్మించి అమెరికాలో భౌతికశాస్త్రాచార్యుడైనవాడు. ఆయన లెక్కను అమెరికా చదరంగ సమాఖ్య 1960లోను, ప్రపంచ చదరంగ సమాఖ్య 1970లోను స్వీకరించినవి. మన వరంగల్లు యువకుడు అర్జున్ ఎరిగైసి 2024 డిసెంబరు పట్టికలో 2801 అంకెను పొందె నని పత్రికలలో చదివినప్పుడు, ఆ అంకె ఈ లెక్కవలన వచ్చినదే.

ఆ లెక్కలోని కిటుకు సులభమైనదే. ఇద్దఱి అంకెలు సమానమైనచో చెఱి సగము గెలుతురని యూహ. ఒకని అంకె 200 హెచ్చైనచో వానికి నూటికి 76 పాళ్లు ఫలము రావలె నని యూహ. 400 హెచ్చైనచో నూటికి 91 పాళ్లు. ఆట ముగిసిన పిదప ఊహకును ఫలమునకును గల భేదమును చూతురు. ఒక ఆటకు 20 గుణకముగా నుంచుకొన్నచో, సమానుని గెలిచినవానికి 10 చేరును, ఓడినవానికి 10 పోవును. తనకంటె 200 ఎక్కువవానిని గెలిచినచో 15 చేరును; వానిచేత ఓడినచో 5 మాత్రమే పోవును. ఊహించినదే జరిగినప్పుడు అంకె కొంచెము కదలును. ఊహింపనిది జరిగినప్పుడు హెచ్చుగా కదలును. ఇంతియే.

తర్కశాస్త్రము చదివినవారి కిది క్రొత్త కాదు. పొగను చూచి నిప్పు నూహించుట అనుమానము. ఇచ్చట గెలుపు పొగ, సామర్థ్యము నిప్పు. అయితే అనుమానమున సందేహమునకును తావు కలదు. నిన్న ఆరంభించినవాని అంకెయు, వేయి ఆటలాడినవాని అంకెయు ఒక్కటే యైనను, రెండింటిని సమానముగా నమ్మవచ్చునా? 1995లో మార్క్ గ్లిక్‌మన్ అను గణాంకశాస్త్రజ్ఞుడు అంకెప్రక్కన సందేహప్రమాణమును గూడ వ్రాయు పద్ధతిని కల్పించెను. దానికి గ్లికో యని పేరు. చాలకాలము ఆడనివాని యెడల సందేహము పెరుగును. పెరిగినకొలది వాని అంకె వేగముగా కదలును. డోటా 2 సయితము 2023లో ఈ పద్ధతికి మాఱినది.

ఇంతవరకు ఒకనితో నొకడు పోరు ఆటల మాట. జట్టు ఆటలలో చిక్కు ముదురును. గెలిచినది ఐదుగురు, అంకె కావలసినది ఒక్కొక్కనికి. నలుగురు నేర్పరుల నడుమ నొక సోమరి గెలువవచ్చును. నలుగురు సోమరుల నడుమ నొక నేర్పరి ఓడవచ్చును. మైక్రోసాఫ్ట్ పరిశోధకులు 2005లో తమ ఎక్స్‌బాక్స్ ఆటలకొఱకు ట్రూస్కిల్ అను లెక్కను నిర్మించి, జట్టు బలము జట్టువారి బలముల మొత్తమని గ్రహించిరి. ఒక్క ఆటనుండి ఒక్కని బలమును విడదీయుట కష్టము. పెక్కు ఆటలనుండి విడదీయవచ్చును. మన పెద్దలు చెప్పిన అన్వయవ్యతిరేకములే అందుకు సాధనము. ఆటఆటకును తోడివారు మాఱుదురు, ఎదుటివారు మాఱుదురు. మాఱనివాడు నీ వొక్కడవే. నీ వున్న జట్టు సగముకంటె హెచ్చుగా గెలుచుచుండినచో ఆ హెచ్చునకు కారణము నీవు. "నా తోడివారందఱు చేతగానివారు, అందుచేత నా మెట్టు పెరుగదు" అని వాపోవు బాలురు ఒక లెక్క చూడవలెను. నీ జట్టులో నీవు గాక నలుగురు, ఎదుటిజట్టులో ఐదుగురు. చేతగానివారు చేరుటకు అచ్చట ఒక చోటు ఎక్కువయే గదా!

గెలుపోటములను మాత్రమే చూచి, ఎందఱిని కూల్చినాడను దానిని చూడకపోవుట అన్యాయమని కొందఱందురు. నేను అట్లనుకొనను. కూల్చినవారి సంఖ్యకు అంకె నిచ్చినచో ప్రతివాడును కూల్చుటకే పరుగెత్తును; చీకటిలో కాపుకన్నులు నిలుపువా డెవ్వడు? సపోర్టు చేయు పని పట్టికలో కానరాదు, గెలుపులో కానవచ్చును. గెలుపునే లెక్కించుట వలన ఆ మఱుగు పనికిని గౌరవము దక్కుచున్నది.

ఇప్పుడు మిత్రుని మాట. తోడివారు మాఱుచుండుటయే ఈ లెక్కకు ప్రాణమని చెప్పితిని. ఇద్దఱు మిత్రులు ఎల్లప్పుడు కలసియే ఆడినచో ఆ ప్రాణము కుంటుపడును. వా రిద్దఱును ఏకకాలమున గెలుతురు, ఏకకాలమున ఓడుదురు. డోటాలో ఒక ఆటకు ఇంచుమించు 25 అంకెలు అటో యిటో పోవును. ఇద్దఱికిని అవే 25 చేరుచు, అవే 25 పోవుచు నుండినచో, ఇద్దఱి నడుమ నుండు అంతరము ఆరంభమున నెంతయో తుదకు నించుమించు అంతే. నేను ఏడాది కష్టపడి మెఱుగైనను, ఆయన ఏడాదిలో మందగించినను ఆ అంతరము కదలదు. వ్యతిరేకము లేనిచోట విడదీయుట లేదు. ఆ అంకె మా జంటది. నాది కాదు, ఆయనది కాదు.

మఱియొక విశేషము. పరస్పరము మాటలాడుకొనుచు, ఒకరి పోకడ నొకరెఱిగిన జంట, పరిచయము లేని ఇద్దఱికంటె కొంత బలమైనది. అట్లు సంపాదించిన అంకెతో ఒంటరిగా ఆటకు దిగినవాడు కొన్నాళ్లు వరుసగా ఓడి, తన చోటికి దిగును. ఈ కారణములచేతనే ఆటలను నడుపువారు జంటలకు హద్దులు పెట్టుదురు. లీగ్ ఆఫ్ లెజెండ్స్ అను ఆటలో 2016లో ఎంతమంది మిత్రులైనను గుంపుగా శ్రేణి ఆటలో ప్రవేశింపవచ్చునని మార్పు చేసిరి. ఒంటరిగా ఆడువారు తమ శ్రేణికి అర్థము పోయినదని మొఱపెట్టిరి. తరువాత ఒంటరిగానో ఇద్దఱుగానో మాత్రమే ప్రవేశింపవలయు నను పాత వరుసను తిరిగి తెచ్చిరి. మెట్లలో హెచ్చు అంతరము గలవారిని ఆ వరుసలో జంటగా రానీయరు.

దూరము సయితము లెక్కలోనిదే. చెన్నపట్టణమునకు సింగపూరునకు నడుమ ఇంచుమించు 2,900 కిలోమీటర్లు. గాజుతంత్రిలో వెలుగు సెకండునకు సుమారు 2,00,000 కిలోమీటర్లు పోవును. పోయి వచ్చుటకు సెకండులో వేయింట 29 పాళ్లు పట్టును. తంత్రులు వంకరగా పోవుటచేతను, నడుమ యంత్రము లుండుటచేతను నిజముగా పట్టునది ఇంతకంటె హెచ్చు. సర్వరు సింగపూరులో నున్నందున నా మిత్రుని వేటు ముందు, నా వేటు వెనుక. రెప్పపాటు కంటె తక్కువ యైనను ఈ యాటలో అది తెలియవచ్చును. అందుచేతనే త్వరితమైన పని ఆయనదిగను, ముందుచూపు పని నాదిగను పంచుకొంటిమి.

గడచిన ఏడాది ఒక సంగతి జరిగినది. మేము ఆరంభించునాటికి ఆయన ఆర్కన్ మెట్టున, నేను దానికి క్రిందిదైన క్రుసేడర్ మెట్టున నుంటిమి. కలసి ఆడిన ఆటలలో ఓటములు వరుసగా వచ్చి ఆయనయు క్రుసేడరునకు దిగిరి. గణితము చెప్పినవారు గనుక కారణము నాకంటె బాగుగా ఆయన కెఱుక. నేను, "మీరు కొన్నాళ్లు ఒంటరిగా ఆడుడు, మీ మెట్టు మీకు తిరిగి వచ్చును" అంటిని. ఆయన కొంతసేపూరకుండి, "మాస్టారూ, ఆ పతకమును నే నెవరికి చూపవలెను? ఆట ముగిసిన పిదప దాని గూర్చి మాటలాడుటకు మనిషి యుండవలెను గదా! పగలంతయు ఈ యింట నాతో తెలుగు మాటలాడువారు లేరు" అనిరి. పిల్లలు పనులకు, మనుమలు బడులకు పోవుదురు. ఆ సాయంకాలపు ఆటయే ఆయనకు రచ్చబండ యని నాకు అప్పుడు తెలియవచ్చెను.

అట్లయిన శ్రేణి వట్టిదియా యని పూర్వపక్షము. వట్టిది కాదని సిద్ధాంతము. సరియైన అంకె యున్నప్పుడే పదిమందికి సరియైన పోటీ దొరకును. అందుచేతనే నేర్పరి యొకడు క్రొత్త అకౌంటు తెఱచి, తన బలమును దాచి, క్రింది మెట్టు మిత్రునితో ఆడుట తప్పు. దానిని స్మర్ఫింగు అందురు. మిత్రునికి ఉపకారము చేయుచున్నా ననుకొనును గాని, ఆ యాటలోని తక్కిన ఎనమండుగురి సాయంకాలమును దొంగిలించుచున్నాడు. ఇట్టి 90,000 అకౌంట్లను తొలగించితిమని వాల్వ్ సంస్థ 2023లో ప్రకటించినది. మిత్రుని అకౌంటులో తాను ఆడి మెట్టెక్కించుటయు నిట్టిదే. దొంగ మెట్టున నిలిచిన మిత్రుడు తరువాతి ఆటలలో ఓడి, తోడివారిచేత తిట్లు తినును.

జంటగా ఆడువారికి మా అనుభవమున నిలిచిన నియమములు మూడు చెప్పెదను. మొదటిది: వరుసగా రెండాట లోడినచో ఆనాటికి శ్రేణి ఆట ముగింపవలెను. కోపముతో ఆడు మూడవ యాట ఓటమికి తోబుట్టువు. రెండవది: ఆట నడుచుచుండగా కనబడుచున్నది మాత్రమే చెప్పవలెను. "ఎడమ బాటలో ముగ్గురున్నారు" అనుట ఉపకారము, "మీ రేల పోతిరి?" అనుట అపకారము. తప్పొప్పుల విచారణ ఆట ముగిసిన పిదప. మూడవది: తన నిజమైన చోటు తెలియగోరువాడు వారమున కొన్ని ఆటలు ఒంటరిగా ఆడవలెను; ఆ అంకెను మిత్రునిపై నెపముగా నుపయోగింపరాదు.

పందెమును గూర్చి యొక్క మాట. ధర్మరాజు ఆడినది ద్యూతము. ధనమును, రాజ్యమును, తుదకు తనవారిని ఒడ్డిన ఆట. నేను చెప్పునది అది కాదు. మన ప్రభుత్వము 2022 డిసెంబరులో ఈ-క్రీడలను క్రీడావ్యవస్థలో చేర్చినది. 2025 ఆగస్టులో పార్లమెంటు చేసిన చట్టము ధనము పణముగా ఒడ్డు ఆన్‌లైను ఆటలను నిషేధించి, ఈ-క్రీడలను వానినుండి వేఱుపఱచినది. తల్లిదండ్రులు ఈ భేదమును గ్రహించి పిల్లలను మందలింపవలెను గాని, తెరముందు కూర్చున్న ప్రతివానిని జూదరి యనరాదు.

కడపట నొక లెక్క. శిఖరాగ్రమున నుండు కొలదిమందిని విడిచినచో, తన మెట్టును చేరిన ప్రతివాడును ఇంచుమించు సగము ఆటలు ఓడును. అది లెక్కలోని లోపము కాదు. లెక్క సరిగా నున్నదనుటకు గుర్తు. ఎంత ఎదిగినను ఎదుటివారును అంతవారే వత్తురు గనుక ఓటమి తప్పదు. కావున గెలిచిననాడు మాత్రమే నిలుచు స్నేహము ఈ యాటలో నెల తిరుగకముందే సగమగును. ఓడిన నలుబది నిమిషముల పిదప "రేపు ఏ వేళకు?" అని అడుగువాడు దొరకినచో, వాని మెట్టు ఏదైనను వానితోనే ఆడుడు. మే మిరువురము నేటికిని క్రుసేడరులమే. ఇంతటితో నా ప్రసంగము ముగించి సెలవు తీసికొనుచున్నాను.