వంగ చలనచిత్రములలో ప్రేమ – నాయిక మాటకు దక్కిన విలువ

తిరుప్పూరు, కోయంబత్తూరు ప్రాంతముల తెలుగువారు ఇంట తెలుగును, వీథిలో తమిళమును పలుకుదురు. శరత్ బాబు 'దేవదాసు' కథ ఈ రెండు భాషలలోను 1953లోనే చిత్రరూపమున వెలువడినది. రెండింటను అక్కినేని నాగేశ్వరరావు, సావిత్రి నటించిరి. ఆ కథకు పుట్టినిల్లు వంగదేశము. అచ్చట ప్రమథేశ బారువా దానిని 1935లోనే చిత్రముగా తీసియుండెను. నాటినుండి వంగ చిత్రములలో ప్రేమభావన యెట్లు మారినదో తెలియవలెనన్న, నాయకుని కన్నీటిని గాక నాయిక మాటకు దక్కిన విలువను చూడవలెను.

పార్వతి రాత్రివేళ దేవదాసు గదికి వచ్చి తన మనసు తానే విప్పి చెప్పినది. పెద్దలకు వెఱచి అతడు వెనుదీసెను. ధైర్యము ఆమెది, కథ పేరును, లోకుల సానుభూతియు మాత్రము అతనివి.

1954లో ఉత్తమ్ కుమార్, సుచిత్రా సేన్ నటించిన 'అగ్నిపరీక్ష' వచ్చెను. బాల్యమున జరిగిన పెండ్లి యొకవైపు, యౌవనమున కలిగిన వలపు మఱియొకవైపు నాయికను లాగును. వలచినవాడే నాటి వరుడని తేలుటతో చిక్కు విడిపోవును. 1959 నాటి తెలుగు 'మాంగల్యబలం', తమిళ 'మంజళ్ మహిమై' చిత్రములకు మూలము ఈ కథయే. ఉయ్యాలనాడే మేనరికపు మాట అనుకొను కుటుంబములకు ఈ చిక్కు క్రొత్తది కాదు. వలచినవాడు వేఱొకడైనచో ఆమె గతి యేమి? ఈ ప్రశ్నను ఆ కథ తప్పించుకొన్నది.

దానిని తప్పించుకొననివాడు సత్యజిత్ రాయ్. రవీంద్రుని కథ ననుసరించి 1964లో ఆయన తీసిన 'చారులత'లో, పత్రిక నడుపు భర్త మంచివాడే. భార్య ఒంటరితనము మాత్రము అతని కంటబడలేదు. ఆమె మనసు వరుసకు మఱదియైన అమలునిపై నిలిచెను. రాయ్ ఆమెను నిందింపలేదు, సమర్థింపనులేదు. కడపట దంపతుల చేతులు కలియబోయి మధ్యలోనే నిలిచిపోవును. 1985లో అపర్ణా సేన్ 'పరమ' మఱియొక అడుగు వేసినది. పరపురుషుని వలచి ఇంటివారి నిరాదరణకు గురియైన గృహిణి, తనకు అపరాధభావము లేదని కడపట స్పష్టముగా పలుకును. పార్వతి రాత్రివేళ రహస్యముగా చెప్పుకొన్న మనసు, ఏబది యేండ్లకు బాహాటమైనది.

ఈ మార్పును చూచి కుటుంబము చెడునని వెఱవనక్కఱలేదు. చారులత గాని, పరమ గాని పెండ్లిని ద్వేషించినవారు కారు. తమ మనసు నెవరును అడుగని యింట బ్రతికినవారు. సంబంధము నిశ్చయించునాడు పిల్ల నొక్కమాట అడిగి, ఆమె చెప్పిన దానిని మన్నించిన యింట పార్వతి కన్నీటికి చోటుండదు.