విపత్తు చిత్రం సాక్ష్యమయ్యే క్రమం: మూకీ యుగపు తొలి వాస్తవ చిత్రాలు

1. ఉపోద్ఘాతం

ప్రకృతి విపత్తులను చిత్రీకరించదలచిన మూకీ యుగపు తొలితరం వారికి ఒక పరిమితి తప్పలేదు. భూకంపాలు, అగ్నిపర్వత విస్ఫోటనాలు చెప్పి రావు. కెమెరా అక్కడికి చేరేసరికి శిథిలాలే మిగిలేవి. ఈ లోటును కొందరు పునఃకల్పనతో పూరించారు. 1902 మే 8న మార్టినిక్ దీవిలో పెలీ అగ్నిపర్వతం బద్దలై సెయింట్ పియర్ పట్టణం నాశనమైంది. దాదాపు 28,000 మంది మరణించారు. అదే సంవత్సరం ఫ్రెంచి దర్శకుడు జార్జ్ మెలియెస్ ఆ ఘట్టాన్ని నమూనాల సాయంతో చిత్రించాడు. అది నాటి ప్రేక్షకుల కుతూహలానికి ఆధారమే గాని విస్ఫోటనానికి ఆధారం కాదు. మరి, స్థలంలోనే తీసిన చిత్రం తనంతట తానే సాక్ష్యమవుతుందా? శాన్‌ఫ్రాన్సిస్కోలో తీసిన ఒక చిత్రం ఈ ప్రశ్నను పరిశీలించడానికి తోడ్పడుతుంది.

2. మార్కెట్ వీధి చిత్రం – కాలనిర్ణయం

మైల్స్ సోదరులు కేబుల్ కారు ముందుభాగాన కెమెరా అమర్చి, మార్కెట్ వీధిలో ఫెర్రీ భవనం వైపు సాగిన ప్రయాణాన్ని సుమారు 13 నిమిషాల చిత్రంగా తీశారు. 'ఎ ట్రిప్ డౌన్ మార్కెట్ స్ట్రీట్' అనే ఈ చిత్రం 1905 నాటిదని చాలాకాలం భావించారు. చలనచిత్ర చరిత్రకారుడు డేవిడ్ కీన్ నాటి పత్రికలను, దృశ్యంలోని కార్ల రిజిస్ట్రేషన్ వివరాలను, వీధిలో నిలిచిన వాననీటిని, వాతావరణ నివేదికలను పోల్చి చూశాడు. చిత్రీకరణ 1906 ఏప్రిల్ 18 నాటి భూకంపానికి కొద్ది రోజుల ముందే జరిగిందని తేల్చాడు. భూకంపంలోను, తర్వాత రేగిన మంటల్లోను నగరంలో సుమారు 80 శాతం ధ్వంసమైంది. సోదరుల స్టూడియో కూడా కాలిపోయింది. అప్పటికే న్యూయార్క్‌కు పంపినందువల్ల నెగటివ్ దక్కింది.

కాలనిర్ణయం మారడంతో ఒక విహారచిత్రం, నశించబోయే నగరపు చివరి దృశ్యపత్రాల్లో ఒకటిగా మారింది. అయినా అందులోని ప్రతి దృశ్యాన్నీ యథాతథంగా స్వీకరించడానికి వీలులేదు. కొన్ని కార్లు కెమెరా చుట్టూ తిరిగి మళ్ళీ మళ్ళీ కనిపిస్తాయి. కనుక చిత్రంలోని రద్దీని ఆ వీధి నిత్య రద్దీకి కొలమానంగా తీసుకోరాదు.

3. ముగింపు

విపత్తు అనంతరం అదే వీధిని అదే సోదరులు తిరిగి చిత్రించారు. రెండు చిత్రాలను పక్కపక్కన ఉంచితే విధ్వంస పరిమాణం తెలుస్తుంది. భూకంపం సంభవించిన క్షణం మాత్రం ఏ ఒక్కదానిలోనూ లేదు. మెలియెస్ కల్పించినది ఆ లేని క్షణాన్నే. స్థలంలో తీసినంత మాత్రాన చిత్రం సాక్ష్యం కాదు. చిత్రం వెలుపలి ఆధారాలతో దాని కాలాన్ని, నిర్మాణ పద్ధతిని నిర్ధారించినప్పుడే అది చరిత్ర రచనకు ఉపకరిస్తుంది.